కేతిగాఁడును గదలు బొమ్మలును

ప్రేరణార్థక ణిచ్చును విధించు పాణినిసూత్రముపై (3-1-26) భాష్యము వ్రాయుచుఁ బతంజలి యొక చిక్కు నెత్తికొనెను. కంసుఁడు చచ్చి చిరకాల మైనది. నటులు వానిని జంపించుచున్నారని వర్తమానమున నెట్లందుము? కన్నులయెదుట నాడి చూపువారును, చిత్తరువులు చూపువారును, గ్రంథము చెప్పువారును నాతని సమాధానమున వచ్చెదరు. ప్రేక్షకుని యెదుట నిప్పుడు జరుగుచుండుటయే యా వర్తమానమున కాధారమని నేను గ్రహించితిని. ప్రాచీనహాస్యమును గదలు బొమ్మల చిత్రముగా మార్చువారు ముం దీ చిక్కును విచారింపవలెను.

జపానునందలి క్యోటోలో మిబు దేవాలయమున నాడు క్యోగెనులో పాత్రధారులు మొగముతొడుగులు ధరింతురు. మాట యుండదు, కంచును, డోలును, పిల్లనగ్రోవియు మాత్రమే. ప్రాగునగరమున ట్రన్కా యొద్ద బొమ్మలచిత్రవిద్య నభ్యసించిన కిహాచిరో కవమోతో 1968లో దీనినుండి ‘హనఓరి’ యను లఘుచిత్రము చేసెను. పూచిన చెట్టును గావవలసిన పిన్నసన్న్యాసిని మద్యముతో మోసగించుట కథ. అచట హాస్యమంతయు నంగవిక్షేపముననే యున్నది గావున, బొమ్మను గొంచెము గొంచెముగాఁ గదలించి పటములు తీసినను నది చెడలేదు.

మన తోలుబొమ్మలాట యట్టిది గాదు. కేతిగాని మొగము తోలు. అది నవ్వదు, ఏడ్వదు. తెరవెనుకవాని గొంతును, కాలిక్రింది పలకచప్పుడును వానికిఁ బ్రాణము. రామాయణము నడుచుచుండఁగా కేతిగాఁడును, జుట్టుపోలిగాఁడును, బంగారక్కయు నడుమ దూఱి, నాఁటి యూరిసంగతులే యెత్తుకొందురు. కన్నులు త్రిప్పి పెదవులు గదలించినంతమాత్రమున నీ హాస్యము చిత్రమునకు రాదు. చిత్రమునకు ఊరు తెలియదు. వారి బూతును నేను మెచ్చను. కాని బాలురకొఱకని దానిఁ గడుగువారు, దాని చాటున నున్న పెద్దల యెత్తిపొడుపును గూడఁ గడిగివేయుచున్నారు.

నైనా పేలీ 2008లో వెలువరించిన ‘సీతా సింగ్స్ ది బ్లూస్’ను మాకవరపాలెమున నింటనే కూర్చుండి చూచితిని. అందు మూఁడు ఛాయాబొమ్మలు ముందుగా వ్రాయని మాటలతో రామకథను గూర్చి వాదించుకొనును, తడఁబడును, ఒకదాని నొకటి దిద్దుకొనును. అందలి రాముఁడు పెక్కురకు రుచింపఁడు, నాకును రుచింపలేదు. అయినను ఆ మూఁడుబొమ్మలే కేతిగానికిఁ జుట్టములు. రెండవమాఱు చూడఁగా నా తడఁబా టా చోటనే వచ్చెను. లట్టు లిట్టైనది!

మూకచిత్రముల కాలమున జపానులో బెన్షి యనువాఁడు తెరప్రక్క నిలిచి కథ పలికెడివాఁడు. అట్లే చిత్రమంతటికిని ధ్వని కూర్చి, కేతిగాని మాటలకుమాత్ర మెడము విడిచి, ఆడు చోట నొక బొమ్మలాటవానిచేఁ బలికింపవచ్చును. వ్యయ మెక్కువ, ఒకే చిత్రము నూఱూళ్ల కొక్కమాఱు పోదు.