ఎస్.వి. రంగారావు: ఆకారము, వాచికము

హౌరా నుండి నాగపురము మీదుగా బొంబాయికి పోవు రైలుమార్గమున బిలాస్‌పూర్ ఒక పెద్ద కూడలి. బెంగాల్ నాగపూర్ రైల్వే కాలము నుండి ఉద్యోగార్థము వచ్చిన తెలుగు కుటుంబములు అక్కడ నివాసము ఏర్పరచుకొన్నవి. బడిలో హిందీ, ఇంటిలో తెలుగు: ఇట్టి ఊళ్లలో పెరిగిన బిడ్డకు మాతృభాష అక్షరముగా కంటె ముందు శబ్దముగా అందును. అట్టి శ్రోతను మనసులో నుంచుకొని సామర్ల వెంకట రంగారావుగారి నటనను పరిశీలించినచో, ఆయనను గూర్చి మనము సాధారణముగా చెప్పుకొను మాట ఎంత అసంపూర్ణమో తెలియగలదు.

ఆయన భారీ విగ్రహము కలవారు, కనుక రాక్షస పాత్రలకే పుట్టినవారు అనునది ఆ మాట. కాని 1918లో నూజివీడులో జన్మించి, కాకినాడ యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బు నాటకములలో ఆరితేరిన ఆ నటుడు, 1940ల నడుమ తొలి చిత్రమైన 'వరూధిని'లో ధరించినది ఇంద్రియనిగ్రహము గల ప్రవరుని పాత్ర. చిత్రము విఫలము కాగా ఆయన జంషెడ్‌పూర్ వెళ్లి టాటా కంపెనీలో ఉద్యోగమున చేరినారు. ఆ ఊరును బిలాస్‌పూర్ ఉన్న రైలుమార్గము మీదిదే. అక్కడి ఆంధ్రుల నాటకములలో ఆయన పౌరాణిక పాత్రలు ధరించినారు. నాటకశాలలో కెమెరా ముఖము దగ్గరకు రాదు. చివరి వరుసలోని ప్రేక్షకుని చేరుటకు నటునికి మాటయే ముఖ్యమైన దారి.

ఆ శిక్షణ ఫలము 1951లో 'పాతాళ భైరవి'లో కనిపించినది. నేపాళ మాంత్రికుడు కేకలు వేసి భయపెట్టడు. శిష్యుని లాలించు గురువు వలె పలుకును. ఆ లాలనలోనే వంచన దాగియున్నది. 1957 నాటి 'మాయాబజార్'లో ఘటోత్కచుని గర్వము పసివాని గర్వము. శశిరేఖ రూపమున నున్న ఘటోత్కచునిగా సావిత్రి నడచినపుడు మనము వెంటనే రంగారావుగారిని గుర్తింతుము. ఇతరులు అనుకరింపగలిగినంత స్పష్టమైన రూపును ఆయన ఆ పాత్రకు ఇచ్చినారన్నమాట. 1963 నాటి 'నర్తనశాల'లోని కీచకుడు ప్రవరునికి పూర్తిగా ఎదురు కొస. ఆ పాత్రకే 1964లో జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవమున ఉత్తమ నటుడను గౌరవము లభించినది.

అయినను ఆయన ప్రతిభకు సరియైన కొలబద్ద వేరొక చిత్రమని నా అభిప్రాయము. జార్జి ఎలియట్ నవల 'సైలస్ మార్నర్' ఆధారముగా బి.ఎన్. రెడ్డి 1955లో అందించిన 'బంగారు పాప'కు మాటలు వ్రాసినది కథకుడు పాలగుమ్మి పద్మరాజు. లోకముపై నమ్మకము కోల్పోయి బండబారిన కోటయ్య, దిక్కులేని పసిపాపను పెంచుచు మరల మనిషియగును. ఇచట కిరీటము లేదు, గద లేదు. ఆ పెద్ద శరీరము పాప ముందు ఒదిగిపోవును. ఆ గంభీర కంఠము మెత్తబడును. విగ్రహమే ఆయన కళయైనచో ఈ పాత్ర సాధ్యమయ్యెడిది కాదు.

దోషము లేదని అనను. మీసము, అట్టహాసము చాలుననుకొన్న దర్శకులకు ఆయనయు కొన్నివేళల అంతమాత్రమే ఇచ్చినారు. కాని తామే దర్శకత్వము వహించినపుడు, 'చదరంగం' (1967), 'బాంధవ్యాలు' (1968) అను రెండు చిత్రములకును ఎన్నుకొన్నది కుటుంబ కథలనే. ఆయన మనసు ఎటు మొగ్గినదో ఈ ఎన్నికయే చెప్పుచున్నది. పరిశ్రమ మాత్రము కోటయ్యల కంటె కీచకులనే ఎక్కువగా అడిగినది. ఆ నష్టము ఆయనది మాత్రమే కాదు, తెలుగు చిత్రకళది కూడ.

1974లో ఆయన మద్రాసులో మరణించినారు. ఆకారమును పొగడుట సులభము. కన్నులు ఒక్కమారు మూసికొని ఆ మాటలు వినవలెను. తెలుగును చెవితో మాత్రమే నిలుపుకొన్న దూరపు ఊరి బిడ్డకు అందునది ఆ స్వరమే. ఆయన కళకు అదియే తగిన పరీక్ష.