క్రీడాభిరామమున ద్రష్ట

వినుకొండ వల్లభరాయని పేర వెలసిన క్రీడాభిరామము శ్రీనాథకృతమని వేటూరి ప్రభాకరశాస్త్రిగారు వాదించిరి. ఆ కర్తృత్వవివాద మిట నప్రస్తుతము. ఈ వీథిని ఓరుగంటి జనజీవనమునకు యథాతథమైన ప్రతికృతిగా గ్రహింపవచ్చునా యనునదియే విచార్యము. సురవరము ప్రతాపరెడ్డిగారు 1949లో ప్రకటించిన ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’లో దీనిని విరివిగా నుపయోగించిరి. చలనచిత్రయంత్రముతో జనుల వినోదములను గ్రహించు ఛాయాగ్రాహకునితో నీ కవిని పోల్చుటయు సహజమే.

మంచనశర్మయు టిట్టిభసెట్టియు ఓరుగంటి వీధులవెంట నొకదినము విహరింతురు. కోడిపందెము, పొట్టేళ్లపోరు, పల్నాటి వీరకథాగానము, రూకకు భోజనమిడు పూటకూటియిల్లు వారి కన్నులఁబడును. రాజాస్థానమును విడిచి అంగడివీధిలో నిలిచి చూచిన కావ్యములు మనకు మిక్కిలి యరుదు.

అయిన నా దినమెప్పటిది? కాకతీయరాజ్యము 1323లో నస్తమించెను. గ్రంథము పిదప పుట్టినది. రావిపాటి త్రిపురాంతకుని సంస్కృత ప్రేమాభిరామము దీనికి మూలము. అదియు నేఁడు లభింపదు. అయినను ప్రతాపరుద్రుని వేశ్యగాఁ జెప్పఁబడిన మాచల్దేవి చిత్రశాల యిందుఁ గానవచ్చును. కావున నిది పంచాంగమునందలి దినము గాదు, కవి కూర్చిన దినము.

ఇది యంత్రమునకును తప్పదు. జీగా వెర్టోవు 1929లో వెలువరించిన ‘చలనచిత్రయంత్రము గల మనుష్యుఁడు’ అను చిత్రము నటులును కథయును లేనిదని తొలుతనే చాటుకొనును. అందు జనుల పనిపాటులును, సముద్రతీరవిహారములును, ఆటలును ఒక నగరపు దినముగాఁ దోఁచును. కాని యా నగరము మాస్కో, కీవ్, ఒడెస్సా మొదలగు పట్టణములనుండి కూర్చఁబడినది. ఛాయలు సత్యములే, కూర్పు కర్తది.

నామమును బరికింతము. క్రీడలచే నభిరామమైనది క్రీడాభిరామమని తృతీయాతత్పురుషము. తత్పురుషమున నుత్తరపదార్థము ప్రధానము గదా! అభిరామత్వము ప్రధానము, క్రీడలు దానికి సాధనములు. అభిరామత్వమో, చూచువానిని బట్టియే యుండును. క్రీడల పట్టికయే కవికి వివక్షితమైనచో నీ పేరు పెట్టనక్కఱలేదు.

మా ప్రాంతపు తిరుపతి గంగమ్మజాతరయే నిదర్శనము. బైరాగివేషము, తోఁటివేషము, దొరవేషము యంత్రమునఁ జక్కగాఁ బడును. దాఁగిన పాలెగానిని వెదకి వధించుటకై తల్లి దాల్చిన రూపములివి యను కథ తెలియనివానికి అవి వట్టి రంగులు. క్రీడాభిరామమున నట్టి యర్థమును మిత్రుల సంభాషణమే యందించును.

ఆ సంభాషణమునందే దోషమును గలదు. చూచువాఁడు విటుఁడు, వాని దృష్టిలో స్త్రీలు పెక్కుచోట్ల వినోదవస్తువులే. అన్నము వండిపెట్టు పూటకూటి వనితకు విరామ మెప్పుడో కవిదృష్టికి రాలేదు. కావున దీనిని సాక్ష్యముగాఁ గైకొనువారు, చూడఁబడినదానితోపాటు చూచినవానిని గూడ విచారింపవలయును. అట్లయిన చరిత్రకును కావ్యమునకును న్యాయము జరుగును.