మాలతీ చందూర్ నవలా ప్రస్థానం: శీర్షిక, అనువాదం, సరిహద్దు

వ్యాససంగ్రహం: మాలతీ చందూర్‌ను తెలుగు పాఠకలోకం 'ప్రమదావనం' శీర్షిక నిర్వాహకురాలిగా ఎక్కువగా, నవలాకారిణిగా తక్కువగా గుర్తుంచుకుంది. ఈ రెండు పాత్రలను వేర్వేరుగా చూడటం వల్ల ఆమె నవలల అంచనా అసంపూర్ణంగా మిగిలిందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: మాలతీ చందూర్, ప్రమదావనం, హృదయనేత్రి, అనువాదం, సరిహద్దు సాహిత్యం, గాబ్రియేల్ రాయ్.

1. ఉపోద్ఘాతం

తెలుగు సాహిత్య చరిత్ర ప్రాంతాలవారీగా విస్తరిస్తున్న కొద్దీ రాష్ట్రం వెలుపల స్థిరపడిన రచయితల స్థానం ప్రశ్నార్థకమవుతున్నది. కృష్ణాజిల్లా నూజివీడులో జన్మించిన మాలతీ చందూర్, రచయిత ఎన్.ఆర్. చందూర్‌తో వివాహానంతరం మద్రాసులో స్థిరపడ్డారు. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రం ఏర్పడినప్పుడు మద్రాసు అందులో చేరలేదు. ఆమె మాత్రం ఆ నగరాన్ని విడవలేదు. 2013 ఆగస్టులో మరణించేవరకు అక్కడే నివసించారు. కనుక ఆమెను కోస్తా రచయిత్రిగా మాత్రమే లెక్కించడం చాలదు. రెండు భాషలు కలిసే చోట పనిచేసిన రచయిత్రిగానూ పరిశీలించవలసి ఉంది.

2. సరిహద్దు సంప్రదాయం

తెలుగు, తమిళాల మధ్య రాకపోకలకు చిత్తూరు సీమలో బలమైన పూర్వరంగం ఉంది. పూతలపట్టు పేరునే ఇంటిపేరుగా నిలిపిన శ్రీరాములురెడ్డి కంబరామాయణాన్నీ, తిరుక్కురళ్‌నూ తెనిగించారు. 1960లో తిరుత్తణి తాలూకా మద్రాసు రాష్ట్రంలో కలిసిన తరువాత కూడా ఈ సీమలో ఇరుభాషల సహజీవనం ఆగలేదు. శ్రీరాములురెడ్డి ప్రాచీన కావ్యాలకు చేసిన పనిని మాలతీ చందూర్ ఆధునిక నవలకు చేశారు. జయకాంతన్‌కు 1972లో సాహిత్య అకాడమీ పురస్కారం తెచ్చిన నవలను 'కొన్ని సమయాలలో కొందరు మనుషులు'గా తెలుగులోకి తెచ్చారు. సమాజం తప్పుపట్టిన స్త్రీ అంతరంగమే ఆ నవలకు కేంద్రం. అనువాదానికి ఆమె ఎంచుకున్న వస్తువుకూ, ఆమె సొంత నవలల వస్తువుకూ ఉన్న దగ్గరితనం కాకతాళీయం కాదు.

3. సమాధానానికి అందనిది

ఆంధ్రప్రభ వారపత్రికలో 'ప్రమదావనం' నాలుగు దశాబ్దాలకు పైగా సాగింది. ఇంటి విషయాలు మొదలుకొని లోకజ్ఞానం దాకా పాఠకులు అడిగిన ప్రశ్నలకు ఆమె సమాధానాలిచ్చారు. శీర్షికలోని సమాధానం కొన్ని వాక్యాల్లో ముగియాలి. ప్రశ్న వేసిన స్త్రీ ఆ సలహాతో ఏం చేసింది, దానికి ఏ మూల్యం చెల్లించింది అన్నది శీర్షికకు అందదు. నవలకు అందుతుంది. 'చంపకం–చెదపురుగులు' అన్న పేరులోని రూపకమే ఇందుకు నిదర్శనం. చెద ఒక్కరోజులో కూల్చదు. పైకి కనిపించకుండా ఏళ్ల తరబడి తొలుస్తుంది. దానిని చూపడానికి కథాకాలం కావాలి.

స్వాతంత్ర్యోద్యమాన్నీ, ఆ తరువాతి విలువల పతనాన్నీ చిత్రించిన 'హృదయనేత్రి' (1992 కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం) ఈ పరిధిని కుటుంబం నుంచి దేశచరిత్రకు పెంచింది.

అయితే శీర్షిక ప్రభావం కేవలం లాభదాయకం కాదు. వేలమందికి అర్థమయ్యేలా చెప్పే అలవాటు వాక్యానికి స్పష్టతనిస్తుంది. సందిగ్ధతను సందిగ్ధతగానే వదిలే ఓపికను తగ్గించే ప్రమాదమూ అందులో ఉంది. 'పాత కెరటాలు'లో ప్రపంచ నవలలను సంక్షిప్తంగా పరిచయం చేసిన పద్ధతికీ ఇదే వర్తిస్తుంది. ఆంగ్లం రాని పాఠకుడికి కథ చేరింది. మూలరచయిత కంఠస్వరం పూర్తిగా చేరడం సంగ్రహంలో సాధ్యం కాదు.

4. తులనాత్మక దృష్టి

ఫ్రెంచి కెనడియన్ నవలాకారిణి గాబ్రియేల్ రాయ్ (1909–1983) జీవితం ఇక్కడ ఉపకరిస్తుంది. ఆమె ఆంగ్లం ప్రాబల్యం వహించే మానిటోబాలో ఫ్రెంచి మాట్లాడే కుటుంబంలో పుట్టారు. 1916లో ఆ రాష్ట్రప్రభుత్వం పాఠశాలల్లో ద్విభాషా బోధనను రద్దు చేసింది. ఉపాధ్యాయినిగా పనిచేసిన రాయ్, ఐరోపా నుంచి 1939లో తిరిగివచ్చి మాంట్రియల్‌లో పత్రికారచనతో జీవించారు. ఆ నగరంలోని శ్రామికవాడ జీవితాన్ని చిత్రించిన ఆమె తొలి నవల 1945లో వెలువడి, 1947లో ఫ్రాన్సులో ఫెమినా పురస్కారం పొందింది.

ఇద్దరి పరిస్థితులు ఒకటి కావు. రాయ్ తన భాషకు బలమున్న క్విబెక్‌కు చేరారు. మాలతీ చందూర్ తన భాషకు రాజకీయాధికారం లేని నగరంలో నిలిచిపోయారు. కానీ ఇద్దరికీ పత్రికే తొలి పాఠశాల. రాయ్ పత్రికారచనను ఆమె నవలకు పునాదిగా చదవడం సాధ్యమైనప్పుడు, 'ప్రమదావనాన్ని' నవలకు అవతల ఉంచి చదవడానికి తగిన కారణం కనిపించదు.

5. ముగింపు

మాలతీ చందూర్ శీర్షిక, అనువాదం, నవల ఒకే ప్రశ్నకు మూడు రూపాలు: స్త్రీ తన జీవితాన్ని ఎవరితో, ఏ భాషలో చెప్పుకోగలదు? ఉత్తరాల్లో వచ్చిన ఆ ప్రశ్నకు శీర్షిక తక్షణ సమాధానమిచ్చింది. అనువాదం పొరుగుభాషలోని తోడును చూపింది. నవల ఆ సమాధానాల పర్యవసానాన్ని పరీక్షించింది. శీర్షిక సంపుటాలను గృహోపయోగ గ్రంథాలుగా పక్కన పెట్టక, నవలలతో కాలక్రమంలో సరిపోల్చి చదివే పరిశోధన జరగవలసి ఉంది. అప్పుడే ఆమె సాధించినదీ, సాధించలేకపోయినదీ న్యాయంగా తేలుతుంది.