జాతి భావన – జాత్యారోపం: ‘ఏడు తరాలు’, ‘గబ్బిలం’ ఆధారంగా ఒక పరిశీలన

ప్రవేశిక

తెలుగు సాహిత్య విమర్శలో అత్యధిక భారాన్ని మోస్తున్న పదాల్లో ‘జాతి’ ఒకటి. తెలుగు జాతి, నల్లజాతి, గిరిజన జాతులు, జాతీయోద్యమం, స్త్రీ జాతి, పశుజాతి అనే ప్రయోగాలన్నింటిలోనూ ఈ ఒక్క పదమే కనిపిస్తుంది. ఛందశ్శాస్త్రంలో కందం, ద్విపద, తరువోజ జాతులు. సీసం, ఆటవెలది, తేటగీతి ఉపజాతులు. అలంకారశాస్త్రంలో స్వభావోక్తికి దండి చెప్పిన మరో పేరు కూడా జాతియే. ఒక పదానికి అనేకార్థాలుండడం దోషం కాదు. అయితే ఒక అర్థంలో నిరూపించిన విషయాన్ని మరో అర్థంలోకి తెలియకుండా తరలించినప్పుడు విమర్శ దారి తప్పుతుంది. శరీర లక్షణాల ఆధారంగా మానవులను విభజించే భావనకూ, భాష, ఆచారం, జ్ఞాపకం ఆధారంగా ఒక సమూహం తనను తాను గుర్తించుకొనే భావనకూ, రాజకీయ సమష్టిగా ఏర్పడాలనే ఆకాంక్షకూ తెలుగులో ఒకే పేరు స్థిరపడింది. ఈ మూడింటినీ వేరుచేసి చూడకపోతే సాహిత్య పఠనంలో కలిగే చిక్కులేమిటో, వేరుచేసి చూస్తే కలిగే ప్రయోజనమేమిటో పరిశీలించడం ఈ వ్యాసం లక్ష్యం.

భాష నుంచి రక్తానికి

1816లో వెలువడిన కాంబెల్ తెలుగు వ్యాకరణానికి ఉపోద్ఘాతం రాస్తూ ఎల్లిస్, తెలుగు సంస్కృతజన్యం కాదనీ, తమిళ కన్నడాలతో దానికి సోదర సంబంధం ఉందనీ ప్రతిపాదించాడు. 1856లో కాల్డ్వెల్ ఈ కుటుంబానికి ‘ద్రావిడ’ అనే పేరును స్థిరపరిచాడు. ధాతువులు, విభక్తులు, సర్వనామాలు ఈ ప్రతిపాదనలకు ఆధారాలు. కానీ ఆ శతాబ్దం ముగిసేనాటికి ఆర్య, ద్రావిడ పదాలు భాషల పేర్లుగా మిగలలేదు, మనుషుల పేర్లయ్యాయి. ఆర్య భాషాధ్యయనానికి విస్తృత ప్రచారం కల్పించిన మాక్స్ ముల్లరే 1888లో ఈ ధోరణిని తీవ్రంగా ఖండించాడు. భాషకు చెప్పవలసిన విశేషణాన్ని రక్తానికి చెప్పడం, తల ఆకారాన్ని బట్టి నిఘంటువుకు పేరు పెట్టడం రెండూ ఒకే రకమైన అపచారమని అతని అభిప్రాయం. ఆ ఖండన ఎక్కువమంది చెవికెక్కలేదు.

రిజ్లీ 1901 జనాభా లెక్కలకు అధిపతిగా కులాలను శరీర కొలతలతో ముడిపెట్టాడు. ముక్కు వెడల్పు పెరిగేకొద్దీ సామాజిక స్థాయి తగ్గుతుందన్నది అతని సిద్ధాంతం. మద్రాసు మ్యూజియం అధికారి థర్‌స్టన్ దక్షిణాదిలో ఇటువంటి కొలతలు సేకరించి, కె. రంగాచారి సహకారంతో 1909లో ఏడు సంపుటాల గ్రంథాన్ని ప్రచురించాడు. తెలుగు కులాలను గురించి రాసేవారు నేటికీ ఆ సంపుటాలను ఉదాహరిస్తూనే ఉన్నారు. అందులోని ఆచార వివరాలను స్వీకరించేటప్పుడు, వాటి వెనుకనున్న కొలబద్దను కూడా స్వీకరిస్తున్నామా అన్న ప్రశ్న అరుదుగా వినిపిస్తుంది.

అంబేడ్కర్ ఈ ప్రశ్నను వేశాడు. 1936లోనే కులం జాతి విభజన కాదని వాదించిన ఆయన, 1948లో అస్పృశ్యతపై రాసిన గ్రంథంలో శరీర కొలతల శాస్త్రాన్ని దాని లెక్కలతోనే ఎదుర్కొన్నాడు. ఆ కొలతలనే ప్రమాణంగా తీసుకున్నా బ్రాహ్మణులూ అస్పృశ్యులూ వేర్వేరు జాతులని తేలదని చూపాడు.

తర్కశాస్త్రం చెప్పే జాతిబాధకం

జాతి అంటే ఏమిటన్న చర్చ ఈ దేశపు తర్కశాస్త్రంలోనే సూక్ష్మంగా జరిగింది. అనేక వ్యక్తులలో సమవాయ సంబంధంతో ఉండే నిత్యమైన ఏక ధర్మాన్ని నైయాయికులు జాతి అన్నారు. గోవులన్నింటిలో ఉండే గోత్వం ఇందుకు ప్రసిద్ధమైన ఉదాహరణ. అయితే అనేక వ్యక్తులలో కనిపించే ప్రతి సామాన్య ధర్మమూ జాతి కాదు. జాతిగా అంగీకరించడానికి అడ్డువచ్చే ఆరు బాధకాలను ఉదయనుడు పేర్కొన్నాడు. వాటిలో ఒకటి సంకరం. రెండు ధర్మాలు కొన్నిచోట్ల కలిసి ఉండి, మరికొన్నిచోట్ల ఒకదాన్ని విడిచి మరొకటి ఉంటే వాటిని జాతులుగా అంగీకరించకూడదు. పృథివి, జలం, తేజస్సు, వాయువులలో భూతత్వం, మూర్తత్వం రెండూ ఉన్నాయి. ఆకాశంలో భూతత్వం మాత్రమే, మనస్సులో మూర్తత్వం మాత్రమే ఉన్నాయి. కాబట్టి ఇవి జాతులు కావు, ఉపాధులు మాత్రమే.

జీవశాస్త్రం మానవ జాతుల విభజనకు చెప్పిన ప్రధానమైన ఆక్షేపణ కూడా ఈ తీరుదే. ముదురు చర్మం ఆఫ్రికాలోనూ, దక్షిణ భారతంలోనూ, మెలనీషియాలోనూ ఉంది. ఇతర జన్యు లక్షణాలలో ఆ ప్రజల మధ్య ఎంతో దూరముంది. అమెరికాలో నల్లవారి వ్యాధిగా పేరుపడిన సికిల్ సెల్ మధ్యధరా తీరంలోనూ, తెలుగు నేల ఏజెన్సీ ప్రాంతాలలోనూ ఉంది. దాని వ్యాప్తి మలేరియా వ్యాప్తిని అనుసరించిందే గాని చర్మవర్ణాన్ని అనుసరించలేదు. మానవ జన్యు వైవిధ్యంలో సుమారు 85 శాతం ఒక్కొక్క జనసమూహం లోపలే ఉందని లెవాంటిన్ 1972లో చూపాడు. లక్షణాలు ఒకదాన్నొకటి అడ్డంగా కోసుకుపోతున్నప్పుడు వాటిపై నిలబెట్టిన విభాగం స్వాభావికం కాదు. నైయాయిక పరిభాషలో అది ఉపాధి.

ఇక్కడ రెండు శాస్త్రాల మధ్య ఒక వైరుధ్యం గమనించదగినది. తర్కశాస్త్రంలో సంకరం కనబడితే వర్గీకరణ చెల్లదు. ధర్మశాస్త్రంలో సంకరం కనబడితే వర్గీకరణ అలాగే నిలుస్తుంది, మనుషులు దోషులవుతారు. వర్ణసంకర భావనకు మూలం ఇదే. అమెరికాలో 1924 నాటి వర్జీనియా చట్టం తెల్లవారికీ ఇతరులకూ వివాహాన్ని నిషేధించినప్పుడు పనిచేసింది కూడా ఈ రెండో న్యాయమే. 1967లో అమెరికా సుప్రీంకోర్టు అటువంటి నిషేధాలను కొట్టివేసింది. జాతులు నిజంగా వేరైతే వాటి కలయికను నిషేధించే చట్టంతో పనేముంది? నిషేధం అవసరమైందంటేనే ఆ సరిహద్దు ప్రకృతి గీసినది కాదని తేలుతుంది.

అయితే న్యాయ, మీమాంసా దర్శనాలు ఈ తర్కాన్ని సంఘానికి అన్వయించి సమానత్వాన్ని బోధించాయని భావించడం పొరపాటు. బ్రాహ్మణత్వం వాస్తవమైన జాతియేనని కుమారిలుడు సమర్థించాడు. బౌద్ధ తార్కికులు దాన్ని ఖండించారు. పరికరం ఉన్నంత మాత్రాన దాన్ని వాడవలసిన చోట వాడినట్లు కాదు.

‘ఏడు తరాలు’: సమూహం జాతిగా మారిన తీరు

జాతి స్వాభావికం కాదన్నంత మాత్రాన అది లేదని చెప్పడానికి వీల్లేదు. ఉపాధి కూడా ఫలితాన్నిస్తుంది. అలెక్స్ హేలీ 1976లో ప్రచురించిన నవలకు సహవాసి చేసిన తెలుగు అనువాదం ‘ఏడు తరాలు’ను హైదరాబాద్ బుక్ ట్రస్ట్ 1980లో ప్రచురించింది. హేలీ చెప్పిన వంశచరిత్ర వాస్తవికతపై తర్వాతి కాలంలో పరిశోధకులు సందేహాలు వ్యక్తం చేశారు. వంశవృక్షం ఎంతవరకు నిజమన్నది వేరే చర్చ. నవల నిర్మాణంలో ఉన్న సత్యం ఈ చర్చకు ముఖ్యం.

గాంబియాలోని జుఫూరే గ్రామంలో కుంటా కింటే నల్లవాడు కాదు, మాండింకా. అతని లోకంలో తేడాలున్నాయి, కానీ అవి వొలోఫ్, ఫులా, సెరేర్ వంటి సమూహాల మధ్య తేడాలు. భాష, మతం, వంశం, వృత్తి వాటికి ఆధారాలు. మాక్స్ వెబర్ చెప్పిన లక్షణం ఇక్కడ సరిపోతుంది. ఒకే మూలం నుంచి పుట్టామన్న విశ్వాసం సమూహాన్ని నిలుపుతుంది. ఆ మూలం చారిత్రకంగా నిజమో కాదో ముఖ్యం కాదు. ఓడ అడుగుభాగంలో గొలుసులతో బంధితులైన మనుషులు ఒకరి భాష ఒకరికి తెలియనివారు. గుసగుసలతో మాటలు అందించుకుంటూ వారు సంభాషణను నిర్మించుకుంటారు. ఓడ ఎక్కినప్పుడు వారు అనేక సమూహాలు. ఓడ దిగేసరికి కొనేవారి దృష్టిలో వారు ఒకే జాతి. ఈ మార్పు వారి శరీరాల్లో జరగలేదు. దీనిని ‘జాత్యారోపం’ అనడం సముచితం. జాతి ఉన్నచోట వివక్ష మొదలు కాలేదు. దోపిడీ అవసరమైన చోట జాతి ఆరోపితమైంది.

ఆ ఆరోపాన్ని చట్టం స్థిరపరిచింది. బిడ్డ స్థితి తల్లి స్థితిని అనుసరిస్తుందని 1662లో వర్జీనియా శాసనం చేసింది. యజమానికి బానిస స్త్రీ వల్ల కలిగిన బిడ్డ కూడా ఆస్తిగా మారడానికి ఇది మార్గం వేసింది. పుట్టుకే స్థితిని నిర్ణయించే ఈ నియమాన్ని గ్రహించడం తెలుగు పాఠకుడికి కష్టం కాదు. మూలంలో వేళ్ళను సూచించే శీర్షిక తెలుగులో తరాలుగా మారింది. వేళ్ళు నేలను గుర్తుచేస్తాయి. తరాలు సంక్రమణను గుర్తుచేస్తాయి. పోగొట్టుకున్న నేల కన్నా, బిడ్డకు బలవంతంగా సంక్రమించిన స్థితిపై ఈ శీర్షిక దృష్టి నిలుపుతుంది. కుంటా తన కూతురికి మాండింకా మాటలు నేర్పడం కూడా సంక్రమణమే. ఒకటి యజమాని రాసిన వారసత్వం, మరొకటి తండ్రి ఇచ్చిన వారసత్వం. మొదటిది జాతి, రెండవది సమూహ అస్తిత్వం. ఈ రెండింటి సంఘర్షణే నవలను నడిపిస్తుంది.

‘గబ్బిలం’: దేహచిహ్నం లేని సరిహద్దు

‘ఏడు తరాలు’ను దళిత సాహిత్యంతో పోల్చడం తెలుగు విమర్శకు కొత్త కాదు. 1972లో మహారాష్ట్రలో ఏర్పడిన దళిత పాంథర్స్ అమెరికా బ్లాక్ పాంథర్ల పేరును స్వీకరించడంతో ఆ పోలికకు ఉద్యమ పునాది కూడా ఏర్పడింది. అయితే పోలిక ఏ స్థాయిలో నిలుస్తుందన్నది తేల్చుకోవాలి. జాషువ ‘గబ్బిలం’ ఇందుకు ఉపకరిస్తుంది. ఆ కావ్యనాయకుణ్ణి వేరుచేసే దేహచిహ్నమేదీ కావ్యానికి అవసరం కాలేదు. అతణ్ణి వేరుచేసేది ఆలయ ద్వారం. గబ్బిలం లోపలికి పోగలదు, మనిషి పోలేడు. ఫ్రెడ్రిక్ బార్త్ 1969లో ప్రతిపాదించినట్లు, సమూహాలను అర్థం చేసుకోవడానికి వాటి లోపలి లక్షణాల కన్నా వాటి మధ్య సరిహద్దును ఎవరు, ఎలా కాపాడుతున్నారన్నది ముఖ్యం. జాషువ కావ్యవస్తువు సరిగ్గా ఆ సరిహద్దే.

కాబట్టి నల్లవారి సాహిత్యానికీ దళిత సాహిత్యానికీ ఉన్న సామ్యం రక్తంలోనిది కాదు. పుట్టుకను నేరంగా మార్చే వ్యవస్థలోనిది. 1965 నాటి ఐక్యరాజ్యసమితి ఒడంబడిక జాతి వివక్షను నిర్వచిస్తూ జాతి, రంగులతో పాటు వంశక్రమాన్ని కూడా పేర్కొన్నది. 2001 డర్బన్ సదస్సులో కులాన్ని చర్చించాలని దళిత సంఘాలు కోరగా, కులం జాతి కాదంటూ భారత ప్రభుత్వం వ్యతిరేకించింది. కులం జాతి కాదన్న మాట అంబేడ్కర్ కూడా అన్నదే. అయితే ఆయన ఆ మాటను అణచివేతకున్న సహజత్వపు ముసుగును తొలగించడానికి అన్నాడు. డర్బన్‌లో అది చర్చను నివారించడానికి ఉపయోగపడింది. ఒకే వాక్యం రెండు ప్రయోజనాలకు పనిచేయగలదని గుర్తించడం విమర్శకుని బాధ్యత.

ఆది-ఆంధ్ర భావనను కూడా ఈ వివేకంతోనే చదవాలి. 1917లో బెజవాడలో భాగ్యరెడ్డివర్మ అధ్యక్షతన జరిగిన సభ ‘పంచమ’ అనే పేరును తిరస్కరించి ‘ఆది-ఆంధ్ర’ను స్వీకరించింది. తామే ఈ నేల తొలి వాసులమన్న ఆ ప్రకటనను రక్తచరిత్రగా పరీక్షించడం కన్నా, ఐదవ స్థానాన్ని మొదటి స్థానంగా తిరగరాసిన నామకరణంగా చదవడం ఉచితం. పైనుంచి ఆరోపించిన పేరుకూ, ఆ ఆరోపాన్ని వదిలించుకోవడానికి ఎంచుకున్న పేరుకూ ఒకే కొలమానం వర్తించదు.

తెలుగు నేలపై జాత్యారోపం

1871 నాటి నేరస్థ తెగల చట్టం కొన్ని సమూహాలకు నేరప్రవృత్తి పుట్టుకతో వస్తుందన్న ఊహపై నిలబడింది. 1911 చట్టంతో ఈ విధానం మద్రాసు రాష్ట్రానికి వచ్చింది. ఎరుకలను ఈ జాబితాలో చేర్చారు. సాల్వేషన్ ఆర్మీ నిర్వహణలో స్టూవర్టుపురం సెటిల్మెంటు ఏర్పడింది. చర్మవర్ణం, ముఖలక్షణాల ప్రమేయం లేకుండానే, రిజిస్టరు, హాజరుపట్టీ సాధనాలుగా ఒక సంచార సమూహం ‘జాతి’గా మారిన ఉదాహరణ ఇది. చట్టం రద్దయిన తరువాత కూడా ఆ ఊరి పేరు కథల్లోనూ సినిమాల్లోనూ నేరానికి పర్యాయపదంగా నిలిచింది. అటువంటి రచనలను విశ్లేషించేటప్పుడు వాటిలో చిత్రితమైనది సమూహ జీవితమా, పోలీసు రిజిస్టరా అన్నది మొదటి ప్రశ్న కావాలి.

సమూహ అస్తిత్వం విషయంలో భాషను కూడా ఏకైక ప్రమాణంగా తీసుకోలేము. చెంచులు, కొండరెడ్లు తెలుగు మాట్లాడతారు. అయినా వారి అస్తిత్వం వేరు. గదబ అనే ఒకే పేరు గలవారిలో కొందరిది ముండా భాష, మరికొందరిది ద్రావిడ భాష. లంబాడీల భాష ఇండో-ఆర్యన్ కుటుంబానిది. భాషాకుటుంబం జాతికి గుర్తు అనుకుంటే గదబలను రెండుగా చీల్చవలసి వస్తుంది. ‘తెలుగు జాతి’ అన్నప్పుడు వీరు లోపలివారా, బయటివారా? గిడుగు రామమూర్తి సవరల భాషను నేర్చుకొని, ఆ భాషలోనే వారి పిల్లలకు చదువు చెప్పించి, 1931లో దానికి వ్యాకరణం ప్రచురించాడు. తెలుగు వ్యావహారికం కోసం వాదించిన పండితుడే, తెలుగుతో కుటుంబ సంబంధం లేని భాషకు అదే హక్కును గుర్తించాడు. ‘తెలుగు జాతి’ భావనను రక్తబంధంగా కాక సహజీవన ఒప్పందంగా నిర్వచించుకోవడానికి ఆ కృషి ఒక ఆధారం.

ముగింపు

పరిభాష విషయంలో రెండు సవరణలు అవసరం. దక్షిణాఫ్రికా వ్యవస్థకు తెలుగులో స్థిరపడిన ‘వర్ణవివక్ష’ అనే అనువాదంలో వర్ణం అంటే రంగు. కానీ చాతుర్వర్ణ్యంలోని పదమూ అదే కావడంతో, వర్ణవ్యవస్థ చర్మపు రంగు నుంచి పుట్టిందన్న పందొమ్మిదో శతాబ్ది ఊహ ఎవరూ ప్రతిపాదించకుండానే పాఠకుని మనస్సులో చేరుతుంది. అలాగే ‘జాత్యహంకారం’ అనే పదం ఒక వ్యవస్థను వ్యక్తి స్వభావదోషంగా కుదిస్తుంది. 1662 నాటి చట్టం పనిచేయడానికి ఎవరి అహంకారమూ అవసరం లేదు. వ్యవస్థను చెప్పవలసినచోట ‘జాత్యారోపం’, ‘జాతివివక్ష’. సమూహం తనను తాను గుర్తించుకొనేచోట ‘సమూహ అస్తిత్వం’. రాజకీయ సమష్టిని చెప్పేచోట ‘జాతి’ అని వాడుకుంటే ఈ కలగాపులగం చాలావరకు తగ్గుతుంది.

పదాలు మార్చినంత మాత్రాన సరిహద్దులు చెరిగిపోవు. అయితే ‘జాతి’ అనే మాట ఎదురైన ప్రతిచోటా ఆ పేరు పెట్టింది ఎవరు, ఎవరికి పెట్టారు, దానివల్ల ఏ ద్వారం మూసుకుంది అని అడగగలిగితే, విమర్శ తాను పరిశీలిస్తున్న ఆరోపాన్ని తానే మళ్ళీ చేసే ప్రమాదం నుంచి తప్పించుకుంటుంది.