కిటికీ అద్దం మీద ఒక చెయ్యి

పెరట్లో ఒక ముసలావిడ తన పనిలో తానుంది. ఇంట్లోంచి, కిటికీ అద్దం వెనకనుంచి కెమెరా ఆవిణ్ణి చూస్తోంది. ఒక చెయ్యి ముందుకొచ్చి అద్దంలో కనిపిస్తున్న ఆ ఆకారాన్ని వేలితో నిమురుతుంది. ఆ తర్వాత కెమెరా పెరట్లోకి నడుస్తుంది. ఈసారి ఆ చెయ్యి నిజంగానే ఆవిడ చెంపను తాకుతుంది.

జపాన్ దర్శకురాలు నవోమి కవాసే 1994లో తీసిన 40 నిమిషాల ‘కతత్సుమోరి’లోని సన్నివేశమిది. ఆ ముసలావిడ పేరు ఉనో. కవాసేకు అవ్వ వరస. తల్లిదండ్రులు విడిపోతే ఆ పిల్లను నారా నగరంలో సొంత బిడ్డలా పెంచింది. ఈ చిత్రం తీసేనాటికి కవాసేకు పాతికేళ్లు.

సొంత బతుకునే డాక్యుమెంటరీగా తీయడం జపాన్‌కు అప్పటికే తెలుసు. తనతో తెగతెంపులు చేసుకున్న మాజీ భార్య వెంట కెమెరాతో వెళ్లి దర్శకుడు కజువో హరా 1974లోనే ఒక చిత్రం తీశాడు. కవాసే ఆ దారికి స్పర్శను చేర్చింది.

ఆమె పనిముట్టు 8 మి.మీ. కెమెరా. అందులో వాడే సూపర్ 8 రీలులో 50 అడుగుల ఫిల్మ్ ఉంటుంది. సెకనుకు 18 ఫ్రేముల లెక్కన 3 నిమిషాల 20 సెకన్లలో అయిపోతుంది. అందుకే ఏది తీయాలో ముందే మనసు తేల్చుకోవాలి. కెమెరా చిన్నది కనుక ఒక చేత్తో పట్టుకోవచ్చు. రెండో చెయ్యి అవ్వ చెంప కోసం ఖాళీగా ఉంటుంది.

అంతకుముందు 1992లో తీసిన ‘ఎంబ్రేసింగ్’లో, జ్ఞాపకంలో లేని తండ్రి కోసం కుటుంబ రిజిస్టరులోని చిరునామాలు పట్టుకుని తిరుగుతుంది. పాత ఫొటోను, అది తీసిన చోటికే తీసుకెళ్లి కెమెరా ముందు పట్టుకుంటుంది. అప్పటి ఊరూ ఇప్పటి ఊరూ ఒకే ఫ్రేములో నిలుస్తాయి. మధ్యలో పోయిన కాలం ఎంతో వ్యాఖ్యానం లేకుండానే తెలిసిపోతుంది.

ఇంటి మనిషిని తీయడంలో ఒక ప్రమాదముంది. పెంచిన అవ్వ ‘వద్దు’ అనలేదు. ఆ చనువును వాడుకోవడం తేలిక. కవాసే దానికిచ్చిన జవాబు, తానూ కెమెరాకు దొరికిపోవడం. 2006 నాటి ‘తరాచిమే’లో ముసలితనంతో వడలిన ఉనో దేహాన్ని చూపించింది, తన ప్రసవాన్నీ చూపించింది. ఉనోను కోపంతో నిలదీసిన ఘట్టాన్నీ కత్తిరించకుండా ఉంచింది. అవ్వ దగ్గర ఏం అడిగిందో తన దగ్గరనుంచీ అదే ఇచ్చింది.

‘కతత్సుమోరి’కి 1995లో యమగాతా డాక్యుమెంటరీ ఉత్సవంలో బహుమతి వచ్చింది. తొలి కథాచిత్రం ‘సుజాకు’ 1997లో కాన్ చిత్రోత్సవంలో కెమెరా దోర్ బహుమతి గెలుచుకుంది. ఆ గుర్తింపుకు ముందు ఆమె దగ్గరున్నవి ఒక చిన్న కెమెరా, ఒక పెరడు, ఒక అవ్వ. అద్దం వెనకే నిలబడినా అవ్వ బొమ్మ దక్కేది. కవాసే తలుపు తీసుకుని బయటికి నడిచింది.