పల్నాటి మాంచాల: ఒక వేదాంత పరిశీలన

పల్నాటి వీరుల కథ గుంటూరు ప్రాంత విశ్వాసులకు క్రొత్తది కాదు. 12వ శతాబ్దపు కారెంపూడి యుద్ధమును వీరవిద్యావంతులు తరతరములుగా పాడుచున్నారు. శ్రీనాథుని పేర నిలిచిన ద్విపదను అక్కిరాజు ఉమాకాంతము 1911లో ముద్రించారు. 1947లో ‘పల్నాటి యుద్ధము’ చలనచిత్రముగా వచ్చింది. బ్రహ్మనాయుని చాపకూడును గూర్చి మనము చర్చించుకొనుచున్నాము గాని, బాలచంద్రుడు–మాంచాల ఘట్టమును విమర్శ లేకుండ స్వీకరించాము.

కథాంశము

కోడిపందెములో ఓడిన మాచర్ల పక్షము ఏడేండ్లు రాజ్యము విడిచింది. గడువు తీరినను గురజాల పక్షము వారి భాగమును తిరిగి ఇవ్వలేదు, యుద్ధము వచ్చింది. మాంచాలను పెండ్లాడిన బాలచంద్రుడు శ్యామాంగి అను వేశ్యయింటనే కాలము గడిపెను. యుద్ధమునకు బయలుదేరిన కుమారుని తల్లి ఐతాంబ కోడలి యొద్దకు పంపెను. అతడు ఆగిపోవునని ఆమె ఆశ. మాంచాల అతనిని ఆపక, కత్తి చేతికిచ్చి సాగనంపెను. అతడు రణరంగమున మరణించెను. ఆమెకు కాపురమే దక్కలేదు.

పరిశీలన

లైలా–మజ్నూలను పెద్దలు విడదీశారు. మాంచాలను ఆమె భర్త నుండి మొదట వేరుచేసినది అతని నిర్లక్ష్యము, పిదప ‘కర్తవ్యము’ అను మాట. లైలా కొరకు లోకము ఏడ్చును; మాంచాలను మెచ్చుకొనును. ఆ మెప్పు క్రింద ఆమె దుఃఖము కప్పబడినది. యుద్ధ దోషమంతయు నాయకురాలు నాగమ్మపై మోపబడినది గాని, పందెమునకు ఒప్పుకొనిన పెద్దలను ఎవరు అడిగారు?

ద్వితీయోపదేశకాండము 24:5 క్రొత్తగా పెండ్లియైన వానిని ఏడాదిపాటు సేన నుండి విడిపించి, భార్యను సంతోషపెట్టుమని చెప్పుచున్నది. ఊరియా కూడ యుద్ధకాలమున ఇంటికి పోలేదు గదా అని కొందరనవచ్చును (2 సమూయేలు 11:11). నిజమే. అయితే వాక్యము ఊరియా నిష్ఠను చెప్పి ఊరకుండలేదు. అతనిని చావుకు పంపిన రాజు నెదుటికి నాతానును పంపినది. మాంచాల పక్షమున పలికిన నాతాను ఈ గాథలో లేడు.

ముగింపు

పొన్నూరు పరిసర సంఘములలో జరుగు వివాహ ప్రసంగములలో మాంచాలను సాధ్వికి మాదిరిగా చూపుట మేము వినియున్నాము. భర్త నిర్లక్ష్యమును భరించుచున్న సహోదరి ఆ మాటలను ఎట్లు వినును? ఓర్చుకొనుటయే దేవుని చిత్తమని తలంచును. కాపరులు ఈ కథను విడువనక్కరలేదు. చెప్పునప్పుడు బాలచంద్రుని శౌర్యముతోపాటు అతడు భార్యకు చేసిన అన్యాయమును కూడ చెప్పవలెనని మా మనవి.