షావుకారు చెంగయ్యను ఎలా చూడాలి?

పాత తెలుగు చిత్రాల మాట వస్తే మన పెద్దల నోట నాగయ్య, భానుమతి, రామారావు, నాగేశ్వరరావు గార్ల పేర్లు వస్తాయి. గోవిందరాజుల సుబ్బారావు గారి పేరు అరుదుగా వినిపిస్తుంది. రెండవ ప్రపంచయుద్ధం ముగిసిన తరువాతి పదేళ్ళలో తెలుగు తెరమీద ముసలివారి పాత్రలకు ప్రాణం పోసిన ఈ నటుని గురించి మన పాఠకులు తప్పక తెలుసుకోవాలి.

ఆయన నాటకరంగం నుంచి వచ్చినవారు. గూడవల్లి రామబ్రహ్మం గారి 'మాలపిల్ల' (1938)లో సుందరరామశాస్త్రి, 'పల్నాటి యుద్ధం' (1947)లో బ్రహ్మనాయుడు, 'గుణసుందరి కథ' (1949)లో ఉగ్రసేన మహారాజు ఆయనే. ఈ చివరి కథకు మూలం షేక్స్పియర్ 'కింగ్ లియర్'. రాజు వేషంలో ఆయన గొంతు నాటకశాలలో చివరి వరుస దాకా వినిపించే గొంతు. ఆ పాత్రకు అది తగినదే.

1950లో వచ్చిన 'షావుకారు' వేరు. ఇది విజయా వారి తొలి చిత్రం. కథ చక్రపాణి గారిది, దర్శకత్వం ఎల్.వి. ప్రసాద్ గారిది. కిరీటాలు లేవు, మహిమలు లేవు. ఒక పల్లె, ఇరుగుపొరుగున రెండిళ్ళు, తగవుతో చెడిన స్నేహం, అంతే. వడ్డీవ్యాపారి చెంగయ్యగా సుబ్బారావు గారు గొంతు తగ్గించి, మన పక్కింటి పెద్దమనిషిలా మాట్లాడారు.

షావుకారు అనే మాట మనకు తేలికైనది కాదు. 1903 నుంచి 1916 వరకు మద్రాసులో ఓడ ఎక్కి గిర్మిట్ మీద ఫిజీకి వెళ్ళిన మనవారిలో ఎందరినో వెనకనుంచి తరిమింది అప్పు. అందుచేత తెరమీద వడ్డీవ్యాపారి కనబడగానే రాక్షసుణ్ణి చూడబోతున్నామనుకుంటాము. సుబ్బారావు గారు ఆ రాక్షసుణ్ణి చూపించరు. చెంగయ్య పిసినారి, మొండివాడు. అయినా కొడుకంటే ప్రాణం.

ఇది అప్పిచ్చినవాడి తప్పు కప్పిపుచ్చడం కాదా అని మనలో ఎవరైనా అడిగితే, అది న్యాయమైన ప్రశ్నే. అప్పులో మునిగి ఊరు విడిచినవాడి బాధ ఈ చిత్రంలో లేదు. అది కథలోని లోటు, నటుని లోటు కాదు. ఆయన మన జాలిని యాచించలేదు. చెంగయ్య లోభం దాచలేదు. మనిషిని మనిషిగా చూపి, తీర్పు మనకు వదిలారు.

ఇందుకు సాక్ష్యం 'కన్యాశుల్కం' (1955). అందులో ఆయన లుబ్ధావధాన్లు. ఇక్కడా డబ్బు ప్రీతే, ఇక్కడా ముసలితనమే. కాని డబ్బిచ్చి పసిపిల్లను పెళ్ళాడబోయే ఈ ముసలివాణ్ణి మన నవ్వుకు వదిలేశారు. ఆ నవ్వే అతనికి శిక్ష. చెంగయ్య కోపం పంతం నుంచి పుట్టింది, అవధాన్ల కంగారు ఆశ నుంచి, భయం నుంచి పుట్టింది. సామాన్య నటుడైతే ఇద్దరికీ ఒకే ముఖం పెట్టి ఉండేవాడు.

వెల్లింగ్టన్లో మన పిల్లలతో కూర్చుని ఈ రెండు చిత్రాలూ వరుసగా చూడండి. ఈ ఇద్దరిలో ఎవరిని క్షమిస్తావని వారిని అడగండి. మన తాతలు ఓడ ఎందుకు ఎక్కారో చెప్పడానికి అంతకంటె మంచి సమయం దొరకదు.